బొమ్మలు పాడిన పాటలు

పిల్లలూ, మన అనంతపురం సీమవారికి తోలుబొమ్మలాట సంగతి కొత్తగా చెప్పనక్కరలేదు. మా బుక్కరాయసముద్రానికి దక్షిణంగా పోతే ధర్మవరం వస్తుంది. ఆ ధర్మవరం దగ్గర నిమ్మలకుంట అనే పల్లె ఉన్నది. అక్కడి కళాకారులు మేకతోలును వెలుతురు చొరబడేంత పలుచగా శుభ్రం చేసి, దానిమీద రాముణ్ణీ, రావణుణ్ణీ, హనుమంతుణ్ణీ గీసి, రంగులు వేసి, సన్నసన్నని చిల్లులు పొడుస్తారు. ఆట రోజున తెల్లని గుడ్డ తెర కట్టి, వెనుక దీపం పెట్టి, బొమ్మను తెరకు ఆనించి ఆడిస్తారు. బొమ్మ తెరకు ఆనివుంటే నీడ స్పష్టంగా పడుతుంది. దాన్నే దీపంవైపుకు జరిపితే నీడ పెద్దదవుతుంది గాని, అంచులు మసకబారుతాయి. ఇది మీరు గోడమీద చేతినీడతో కూడా చూడవచ్చు.

తెరముందు కూర్చున్నవారికి హనుమంతుడే పాడుతున్నట్టు ఉంటుంది. కాని, తోలుబొమ్మకు గొంతు ఎక్కడిది? పాడేది తెరవెనుక మనిషి. హార్మోనియం వాయించేదీ, మద్దెల కొట్టేదీ, తాళం వేసేదీ మనుషులే. రాముడి గంభీరమైన మాటా, జుట్టుపోలిగాడి ఎకసెక్కమూ కూడా ఆ తెరవెనుక నుంచి రావలసిందే.

సరిగా ఈ ఉపాయంతోనే ఇంగ్లండులో ఇద్దరు మిత్రులు ఒక పాటల బృందాన్ని పుట్టించారు. దాని పేరు "గొరిల్లాజ్". అందులో సభ్యులు నలుగురు. నలుగురూ కాగితంమీద గీసిన బొమ్మలే! అయినా ఆ బొమ్మల పేరుతో వచ్చిన రికార్డులను లక్షలమంది కొన్నారు. గిన్నిస్ రికార్డుల పుస్తకం కూడా బొమ్మల బృందాలన్నిటిలోకీ ఎక్కువ విజయం సాధించినది ఇదేనని రాసుకున్నది. 2001 నుంచి 2011 దాకా ఈ బృందం చేసిన పాటల కథ ఇప్పుడు చెపుతాను. ఈ కథ పొడుగునా ఒక ప్రశ్న మనసులో పెట్టుకోండి: పాడుతున్నది ఎవరు?

గొరిల్లాజ్ కంటె ముందు కూడా బొమ్మలచేత పాడించినవారు ఉన్నారు. 1958 లో అమెరికాలో రాస్ బగ్డసారియన్ అనే ఆయన మూడు ఉడుతలచేత పాట పాడించాడు. ఎట్లాగంటే, టేపును సగం వేగంతో తిప్పుతూ, తాను నింపాదిగా పాడి రికార్డు చేశాడు. తరవాత ఆ టేపును మామూలు వేగంతో తిప్పాడు. వేగం రెట్టింపయ్యేసరికి గాలిలో పుట్టే కంపనాలు కూడా రెట్టింపయి, పెద్దమనిషి గొంతు సన్నని కీచుగొంతు అయిపోయింది. మరి 1969 లో "ఆర్చీస్" అనే బొమ్మల బృందం పాడిన "షుగర్ షుగర్" అమెరికాలో మొదటి స్థానానికి ఎక్కింది. దాన్ని నిజంగా పాడినవాడు రాన్ డాంటే. పాట విన్నవారిలో ఆయన ముఖం తెలిసినవారు ఎందరు?

మన సినిమాలలోనూ ఇదే తంతు. తెరమీద పెదవులు కదిపేది రామారావుగారు, నాగేశ్వరరావుగారు. ఇద్దరికీ గొంతు ఇచ్చినది ఘంటసాలగారు. అయితే, మనవారు ఘంటసాలగారి పేరు మరిచిపోలేదు. ఈ మాట జ్ఞాపకం పెట్టుకోండి. మళ్ళీ పని పడుతుంది.

ఇక అసలు కథకు వద్దాం. ఆ ఇద్దరు మిత్రులు డేమన్ ఆల్బర్న్, జేమీ హ్యూలెట్. ఇద్దరూ 1968 లోనే పుట్టారు. ఆల్బర్న్ అప్పటికే "బ్లర్" అనే బృందంలో గాయకుడుగా పేరు పొందినవాడు. హ్యూలెట్ బొమ్మల కథలు గీసే చిత్రకారుడు. ఇద్దరూ లండన్‌లో ఒకే ఇంట్లో కాపురముండేవారు. 1998 ప్రాంతంలో టెలివిజన్‌లో వచ్చే సంగీత కార్యక్రమాలు చూసి చూసి వారికి విసుగు పుట్టింది. తెరమీద అందమైన ముఖాలూ, మెరిసే బట్టలూ తప్ప సరుకు కనబడలేదు. "ముఖాలే కావాలనుకుంటే ముఖాలు మనమే గీసి ఇద్దాం. పాట మాత్రం అసలైనది పెడదాం" అన్న ఆలోచనలోంచి గొరిల్లాజ్ పుట్టింది.

హ్యూలెట్ నలుగురిని గీశాడు. నీలిజుట్టు గాయకుడు టూ-డీ. దీర్ఘమైన తీగవాద్యం బేస్ గిటారు వాయించే మర్డాక్, వట్టి గయ్యాళి, జిత్తులమారి. డోలు వాయించే రసెల్, న్యూయార్కు నుంచి వచ్చిన భారీ మనిషి. గిటారు వాయించే నూడిల్, జపాను పిల్ల. కథ మొదలయ్యేటప్పటికి దాని వయస్సు పదేళ్ళు, పార్సిలు పెట్టెలో వచ్చి దిగిందని కథ. వీరికి పుట్టుపూర్వోత్తరాలు, తగాదాలు, ఇల్లూ వాకిలీ అన్నీ కల్పించారు. పత్రికలవారు ప్రశ్నలు వేస్తే జవాబులు కూడా బొమ్మలే చెప్పేవి! 2006 లో ఈ నలుగురి ఆత్మకథ అంటూ ఒక పుస్తకం సైతం వచ్చింది.

మొదటి చిన్న రికార్డు "టుమారో కమ్స్ టుడే" 2000 నవంబరులో వచ్చింది. 2001 మార్చిలో "గొరిల్లాజ్" అనే పేరుతోనే మొదటి పెద్ద రికార్డు వచ్చింది. అందులో "క్లింట్ ఈస్ట్‌వుడ్" అనే పాట దేశదేశాల మోగింది. సినిమాలలో గుర్రమెక్కి తుపాకి పేల్చే ఒక హాలీవుడ్ నటుడి పేరు అది. ఆ పాటలో డప్పుల వరస ఎక్కడిదో తెలుసా? "ఆమ్నికార్డ్" అనే చిన్న విద్యుత్ వాద్యంలో మీటనొక్కితే దానంతటదే మోగే వరస అది. ఆ సంగతిని ఆల్బర్న్ 2023 లో ఆ వాద్యాన్నే వాయించి చూపించాడు. దానిమీద మెలోడికా అనే బుల్లి వాద్యం పలుకుతుంది. మెలోడికా మన హార్మోనియానికి చిన్న చెల్లెలు. హార్మోనియంలో తిత్తి ఊదే గాలి, మెలోడికాలో మనిషి నోటితో ఊదే గాలి. రెండింటిలోనూ ఆ గాలి తగిలి లోపలి లోహపు నాలుకలు అదురుతాయి. ఆ అదురే స్వరం.

ఈ పాటలో పల్లవి ఆల్బర్న్ పాడాడు. చరణాలు మాత్రం డెల్ అనే అమెరికా కుర్రవాడు ర్యాప్‌గా చెప్పాడు. ర్యాప్ అంటే తాళం తప్పకుండా, ప్రాసలు కలుపుకుంటూ, మాటలను గబగబ పలకటం. మన హరిదాసు చిడతలు మోగిస్తూ వచనాన్ని వేగంగా నడిపిస్తాడే, ఆ తీరును తలుచుకోండి. నూడిల్ గొంతు మిహో హటోరి అనే జపాను గాయనిది. వీరందరికంటె విచిత్రమైనవాడు ఇబ్రహీం ఫెర్రర్. ఆయన క్యూబా దేశపు ముసలి గాయకుడు. ఒకప్పుడు పాడి, తరవాత అందరూ మరిచిపోగా, బూట్లు పాలిష్ చేసి పొట్టపోసుకున్నాడు. 1996 లో ఆయన్ని వెదికి పట్టుకుని మళ్ళీ పాడించారు. డెబ్భయ్యేళ్ళు దాటిన ఆ మనిషి ఈ కుర్ర బొమ్మల రికార్డులో స్పానిష్ భాషలో ఒక పాట పాడాడు.

చూశారా, పిల్లలూ! తెర కట్టినందువల్ల ఎంత సదుపాయం కలిగిందో! సాధారణంగా ఒక బృందమంటే జనం దాన్ని ఒక గాటన కట్టేస్తారు. "వీరిది రాక్ సంగీతం, వీరు ఇట్లాగే పాడాలి" అంటారు. బొమ్మలకు ఆ గాట్లు లేవు. టూ-డీ నోటినుంచి ఒక పాటలో రాక్ రావచ్చు, మరొకదానిలో రెగె రావచ్చు. పాడేవాడు నల్లవాడా తెల్లవాడా, ముసలివాడా పడుచువాడా, ఏ దేశంవాడు అని చూసేందుకు అక్కడ ముఖమే లేదు. చెవికి ముందు పాట చేరుతుంది.

2002 లో ఈ రికార్డులోని పాటలనే "లైకా కమ్ హోమ్" అన్న పేరుతో మరొకవిధంగా మలిచారు. 1957 లో రష్యావారు ఆకాశంలోకి పంపిన లైకా కుక్క మీకు జ్ఞాపకమే కదా! ఆ పేరే ఇది. ఇందులో పాటలను "డబ్" పద్ధతిలో మార్చారు. డబ్ జమైకా దీవిలో పుట్టింది. రికార్డయిన పాటలోంచి గొంతును చాలావరకు తీసివేసి, మందరస్వరాలను పెంచి, కొన్ని చప్పుళ్ళకు బావిలో అరచినట్టు ప్రతిధ్వని పెడతారు. ఒకే పిండితో దోసె పోసినట్టూ, ఇడ్లీ పెట్టినట్టూ అన్నమాట!

రికార్డు సంగతి సరే. జనం ఎదుట కచ్చేరి చేయవలసివస్తే ఈ బొమ్మలు ఏం చేస్తాయి? ఇక్కడే మన నిమ్మలకుంట గుర్తుకు వస్తుంది. 2001 మార్చిలో లండన్‌లోని స్కాలా అనే హాలులో మొదటి కచ్చేరి జరిగింది. వేదికకు అడ్డంగా పెద్ద తెర కట్టారు. ఆల్బర్నూ, వాద్యాలవారూ తెరవెనుక నిలబడి వాయించారు. తెరమీద బొమ్మలు ఆడాయి, మనుషుల నీడలు కదిలాయి. టిక్కెట్టు కొన్నవారికి మనిషి ముఖం కనబడలేదు!

2005 మే నెలలో రెండవ పెద్ద రికార్డు "డీమన్ డేస్" వచ్చింది. యుద్ధాలూ, భయమూ ముసురుకున్న రోజులలో లోకం చీకటిలో నడుస్తున్నదని చెప్పే పాటలివి. ఒక పాటలో అమెరికా బడిపిల్లల బృందం కోరస్ పాడింది. ఒక పాటలో పాట బదులు కథ ఉన్నది. దాన్ని హాలీవుడ్ నటుడు డెనిస్ హాపర్ చదివాడు. చివరి పాటలను లండన్‌లోని ఒక భక్తిగీతాల బృందం ఎత్తుకున్నది. "ఫీల్ గుడ్ ఇంక్" అనే పాటలో డి లా సోల్ అనే అమెరికా ర్యాప్ బృందం చేరింది. ఆ పాటకు 2006 లో అమెరికాలో గ్రామీ బహుమతి వచ్చింది. ఆ పాట బొమ్మల చిత్రంలో గాలిమరతో సహా ఒక పచ్చని దీవి ఆకాశంలో తేలిపోతూ ఉంటుంది.

2005 నవంబరులో మాంచెస్టర్ నగరపు ఆపెరా హౌసులో అయిదు రాత్రులు ఈ రికార్డు మొత్తాన్ని వాయించారు. ఈసారి వాద్యాలవారు తెర ముందుకు వచ్చారు. కాని, వెలుతురు వారి వెనుకనే ఉంచారు. అందుచేత వారు నల్లని నీడలుగానే కనబడ్డారు. పిల్లల కోరస్, అతిథి గాయకులు మాత్రం వెలుతురులో నిలబడి పాడారు.

అదే నవంబరులో పోర్చుగల్ రాజధాని లిస్బన్‌లో మరొక అద్భుతం చేశారు. తెరే లేకుండా నలుగురు బొమ్మలు వేదికమీద నడిచినట్టు చూపించారు! దీన్ని పత్రికలు కొత్త వింతగా వర్ణించాయి గాని, దీని కిటుకు 1862 నాటిది. ఆ ఏడు లండన్‌లో జాన్ హెన్రీ పెప్పర్ అనే శాస్త్రోపన్యాసకుడు నాటకంలో దయ్యాన్ని చూపించి జనాన్ని హడలగొట్టాడు. అందుకే దీన్ని "పెప్పర్ దయ్యం" అంటారు. రాత్రిపూట బస్సు కిటికీలోంచి చూస్తే బయటి చెట్లూ కనబడతాయి, అద్దంలో మీ ముఖమూ కనబడుతుంది గదా! చెట్లమధ్య మీ ముఖం తేలుతున్నట్టు ఉంటుంది. అద్దం కొంత వెలుతురును తనగుండా పోనిస్తుంది, కొంత వెలుతురును వెనక్కు తిప్పుతుంది. వేదికమీద పలుచని పారదర్శకమైన పొరను ఏటవాలుగా బిగించి, కిందనుంచి బొమ్మల వెలుతురును దానిమీద పడేటట్టు చేస్తారు. ఆ పొర మనకు కనబడదు. బొమ్మ మాత్రం గాలిలో నిలబడినట్టు కనబడుతుంది.

ఇంత చేసినా ఒక చిక్కు వచ్చిపడింది. డోలూ, బేసూ గట్టిగా మోగితే ఆ పొర అదిరేది. పొర అదిరితే బొమ్మ చెదిరేది. బొమ్మ చెదరకుండా ఉండాలంటే సంగీతం తగ్గించాలి! ఆ హంగుతో ఊరూరా తిరగాలని ముచ్చటపడ్డారు గాని, కుదరలేదు. పాటకోసం పుట్టిన బొమ్మ పాటకే అడ్డం వస్తే ఏం ప్రయోజనం?

2007 లో ఆల్బర్న్, హ్యూలెట్ కలిసి చీనావారి కోతిరాజు కథను సంగీతనాటకంగా ఆడించారు. బౌద్ధ గ్రంథాలకోసం మన దేశానికి వచ్చిన యువాన్ చ్వాంగ్ యాత్రలోంచి అల్లిన కథ అది. తరవాత 2010 మార్చిలో మూడవ పెద్ద రికార్డు "ప్లాస్టిక్ బీచ్" వచ్చింది. ఇంగ్లండులో తన ఇంటి దగ్గరి సముద్రపు టొడ్డున ఇసుకలో కలిసిపోయిన ప్లాస్టిక్ ముక్కలను చూసి ఆల్బర్న్‌కు ఈ ఆలోచన కలిగింది. పసిఫిక్ మహాసముద్రంలో ప్రవాహాలు సుడితిరిగే చోట చెత్తంతా పోగవుతున్నది. అది నడవటానికి వీలైన దీవి కాదు. నీటిలో తేలే చిన్నచిన్న ముక్కలు కోట్లకొద్దీ. ఈ రికార్డులో మాత్రం మన బొమ్మలు ప్లాస్టిక్ దీవిమీదనే కాపురం పెట్టినట్టు కథ కల్పించారు. మన సీమలో చెరువు ఎండినప్పుడు అడుగున ఏమేమి తేలుతున్నవో చూసిన పిల్లలకు ఈ కథ వేరే విప్పి చెప్పనక్కరలేదు.

ఈ రికార్డులో ఎన్ని దేశాల స్వరాలు కలిశాయో చూడండి. ఆల్బర్న్ లెబనాన్ రాజధాని బీరూట్‌కు వెళ్ళి, అక్కడి అరబ్బీ సంగీతపు వాద్యబృందాన్ని రికార్డు చేశాడు. ఆ వాద్యాలమీద లండన్ కుర్రవాళ్ళు కానో, బాషీ ర్యాప్ చెప్పారు. చికాగో నుంచి బాకాలు ఊదే అన్నదమ్ముల బృందం వచ్చింది. బాబీ వొమాక్ అనే పెద్ద గాయకుడు వచ్చాడు. ఆయన చాలా ఏళ్ళుగా పాట మానేసి ఇంట కూర్చున్నవాడు. గొరిల్లాజ్ అంటే ఏమిటో కూడా ఆయన ఎరగడు. కూతురు చెప్పి ఒప్పిస్తే వచ్చాడు. మధుమేహం ఉన్న ఆ పెద్దమనిషి ప్రాణమంతా పెట్టి పాడుతూ సొమ్మసిల్లబోయాడట! ఆ గొంతు "స్టైలో" అనే పాటలో వినబడుతుంది. ఆయన 2014 లో కన్నుమూశాడు. అయితే, అంతకుముందు 2012 లో ఆల్బర్న్ సాయంతోనే సొంతంగా ఒక కొత్త రికార్డు ఇచ్చిపోయాడు.

2010 లో గొరిల్లాజ్ దేశదేశాలు తిరిగింది. జూలైలో సిరియా దేశంలో డమాస్కస్ నగరపు పాతకోటలో కూడా కచ్చేరి చేసింది. ఈసారి మనుషులు తెరవెనుక లేరు, నీడలోనూ లేరు. లెబనాన్, సిరియా వాద్యాలవారు, వొమాక్, ర్యాప్ గాయకులు అందరూ దీపాల వెలుతురులో నిలబడ్డారు. బొమ్మలు వారి వెనుక తెరమీద ఆడాయి. అనగా, 2001 లో తెర ముందు, మనుషులు వెనుక. 2005 లో మనుషులు ముందుకు వచ్చినా నీడలే. 2010 లో మనుషులు ముందు, తెర వెనుక! ఈ పదేళ్ళలో ఒకటొకటిగా జరిగిన మార్పు ఇదే. ముఖం దాచి పాటను ముందు వినిపించారు. పాట జనం మనసుకు పట్టిన తరవాత, పాడినవారిని వెలుతురులోకి తెచ్చారు.

ఆ సంవత్సరం చివర అమెరికాలో ఊళ్ళు తిరుగుతూనే ఆల్బర్న్ మరొక రికార్డు చేశాడు. పెద్ద స్టూడియో లేదు, వాద్యబృందం లేదు. చేతిలో పలకంత ఐప్యాడ్ యంత్రం ఉన్నది. చాలామటుకు దానితోనే 32 రోజులలో రికార్డు తయారయింది. "ద ఫాల్" అనే ఆ రికార్డును 2010 క్రిస్మస్ రోజున తమ అభిమాన సంఘంవారికి పంచిపెట్టారు. 2011 నవంబరులో ఆ దశాబ్దపు ముఖ్యమైన పాటలన్నీ ఒకచోట చేర్చి సంపుటంగా విడుదల చేశారు. దానితో మొదటి పదేళ్ళ లెక్క తేలింది. కథ అంతటితో ఆగలేదు. 2025 సెప్టెంబరులో ప్రకటించిన "ద మౌంటెన్" రికార్డులో మన దేశపు అనౌష్కా శంకర్ సితారు, ఆశా భోస్లే గొంతు కూడా చేరాయి. ఎందరో నటీమణుల పెదవులకు పాటనిచ్చిన ఆశా భోస్లే బొమ్మలకు కూడా పాడటం ఎంత సబబుగా ఉన్నది!

పెద్దలకు ఒక మాట. గొరిల్లాజ్ పాటలలో పిల్లలకు తగని మాటలు, బొమ్మలు కొన్ని ఉన్నాయి. ముందు మీరు విని, ఏరి, పిల్లల పక్కన కూర్చుని వినిపించండి.

ఇక ఇదంతా మనకెందుకు అంటారా? ఈ రోజులలో యంత్రాలు మనిషి గొంతును అచ్చుగుద్దినట్టు పలుకుతున్నాయి. 2007 లోనే జపానువారు హత్సునే మికు అనే బొమ్మచేత యంత్రపు గొంతుతో పాడించారు. ఆ గొంతుకు కూడా మూలం ఒక మనిషే; సాకి ఫుజితా అనే నటి పలికిన అక్షరధ్వనులను ముక్కలుగా తీసుకుని అల్లారు. కాబట్టి తెర ఎంత మందమైనా, దాని వెనుక ఎక్కడో ఒక మనిషి కష్టం ఉంటుంది. ఆ మనిషి పేరు చెప్పే తెర మంచిది. మింగేసే తెర మంచిది కాదు. ఫెర్రర్, వొమాక్ వంటివారిని లోకం తెరవల్లనే మళ్ళీ విన్నది. వారి పేర్లు రికార్డులమీద అచ్చయినవి కాబట్టే ఈ కథ నేను మీకు చెప్పగలిగాను.

నిమ్మలకుంట కళాకారులలో దళవాయి చలపతిరావుగారికి 2020 లో పద్మశ్రీ బిరుదు లభించింది. అయినా, ఆట చూసేవారు తగ్గిపోవటంచేత అక్కడి కుటుంబాలు అదే తోలుతో దీపాలకు గొడుగులు, గోడకు వేలాడదీసే బొమ్మలు చేసి బతుకుతున్నాయి. తోలూ రంగులూ నిలిచాయి గాని, బొమ్మచేత పాడించే గొంతు నిలవాలంటే వినేవారుండాలి. మీ ఊరికి ఆట వస్తే ముందు కూర్చుని చూడండి. ఆట అయిన తరవాత తెరవెనుకకు వెళ్ళి, పాడినవారి పేర్లు అడిగి, నోటుపుస్తకంలో రాసుకోండి.

చివరకు ఒక ప్రయోగం. పెద్దల సాయంతో, చీకటిగదిలో చేయాలి. అంచులకు గుడ్డచుట్టిన గాజుపలకను బల్లమీద నిటారుగా నిలబెట్టండి. పలకకు ముందు జానెడు దూరంలో కొవ్వొత్తి వెలిగించి, దానికి అడ్డంగా మీవైపున ఒక పుస్తకం నిలబెట్టండి. పలక వెనుక సరిగా అంతే దూరంలో నీళ్ళగ్లాసు పెట్టండి. ఇప్పుడు పుస్తకం మీదుగా పలకలోంచి చూస్తే, కొవ్వొత్తి నీళ్ళలో మునిగి వెలుగుతున్నట్టు కనబడుతుంది! వస్తువు అద్దానికి ఎంత ముందు ఉంటే, ప్రతిబింబం అంత వెనుక ఉన్నట్టు తోస్తుంది. ఇదే పెప్పర్ దయ్యం. మీ తమ్ముళ్ళకు చూపించి, "నీళ్ళలో నిప్పు ఎట్లా వెలుగుతున్నది?" అని అడగండి. వారు కాసేపు ఆలోచించిన తరవాత పుస్తకం పక్కకు తీసి, అసలు కొవ్వొత్తిని చూపించండి.